స్టేజ్ క్యారేజ్ పర్మిట్ ఫైలు కదలడం లేదు: రిట్ వేయాలా, ట్రిబ్యునల్‌కు పోవాలా?

సీమ_రూటు (కడప వైపు)

అందరికీ నమస్కారం. మినీ బస్సుకు స్టేజ్ క్యారేజ్ (స్టాపు స్టాపుకు టికెట్ కొట్టి తిప్పే బస్సు) పర్మిట్ కావాలని ఆర్టీఏకు (ప్రాంతీయ రవాణా అధికార సంస్థకు) దరఖాస్తు పెట్టి ఆర్నెల్లు దాటింది. ఏ ఆఫీసో ఇక్కడ రాయను. రూటు మొత్తం 46 కిలోమీటర్లు. మండల కేంద్రంలో మొదలై లోపలి పల్లెల మీదుగా పోయి టౌను చేరుతుంది. చివరి 9 కిలోమీటర్లు మాత్రం ఆర్టీసీ బస్సులు తిరిగే మెయిన్ రోడ్డు. లోపలి పల్లెలకు ఇప్పుడు ఆటోలే దిక్కు.

అడిగినప్పుడల్లా ‘ఆర్టీసీ రిపోర్ట్ రావాల’, ‘మీటింగ్‌లో పెట్టాల’ అంటున్నారు. ఇస్తామనీ చెప్పరు, ఇవ్వమనీ చెప్పరు. రాతపూర్వకంగా ఒక్క కాగితం రాలేదు. ఫీజు కట్టిన రసీదు, దరఖాస్తు నంబర్ నా దగ్గర ఉన్నాయి. బస్సు ఇంకా కొనలేదు, కొటేషన్ మాత్రం తీసుకున్నా.

ట్రాన్స్‌పోర్ట్ అప్పిలేట్ ట్రిబ్యునల్‌కు పోవాలని ఒకరు, నేరుగా హైకోర్టులో రిట్ వేయమని ఇంకొకరు చెబుతున్నారు. ఇన్ని నెలలు జవాబివ్వకుంటే పర్మిట్ వచ్చినట్టే లెక్క అని మరొకరు. ఏది నిజం? ఆ 9 కిలోమీటర్ల సంగతి ఎట్లా?

ఫైల్_నోట్ (కర్నూలు)

అన్నా, ఆ మూడోమాట ముందు వదిలేయండి. స్టేజ్ క్యారేజ్‌కు ‘గడువు దాటింది కాబట్టి వచ్చినట్టే’ అనే నిబంధన మోటారు వాహనాల చట్టం, 1988లో లేదు. టూరిస్ట్ పర్మిట్ రూల్స్‌లో అట్లాంటిది ఉంది, దాన్ని విని ఎవరో దీనికి అతికించి ఉంటారు. దాన్ని నమ్మి బండి రోడ్డు మీదికి తెస్తే 192-ఎ కింద కేసు, 207 కింద సీజు.

ఇక ట్రిబ్యునల్. అక్కడికి పోవాలంటే చేతిలో ఆర్డర్ ఉండాల. 89వ సెక్షన్‌లో అప్పీలు దేనిమీద అని వరుసగా రాసి ఉంది: పర్మిట్ ఇవ్వననడం, ఇచ్చినా మీకు నష్టం చేసే షరతు పెట్టడం, రెన్యువల్ కాదనడం, ట్రాన్స్‌ఫర్ కాదనడం, 83 కింద బండి మార్చుకోనివ్వకపోవడం, సస్పెండో రద్దో చేయడం, ఇట్లాంటివి. 90వ సెక్షన్ కింద రివిజన్ కూడా ఆర్డర్ మీదే, అప్పీలుకు వీల్లేని ఆర్డర్ మీద, దాని తేదీ నుంచి 30 రోజుల్లో. మీకు వచ్చిన ఆర్డరే లేదు. ఏమీ తేల్చకుండా పెట్టుకున్న ఫైలు మీద అప్పీలు వేస్తే నంబర్ పడే దగ్గరే తిరిగొస్తుంది.

కాబట్టి ఈ దశలో దారి హైకోర్టే. రాజ్యాంగం 226వ అధికరణం కింద మాండమస్ (అధికారి తన చట్టబద్ధమైన పని చేయాలనే కోర్టు ఆదేశం) కోరుతూ రిట్. ఇక్కడ చాలామంది ఆశ తప్పు చోట పెట్టుకుంటారు. పర్మిట్ ఇవ్వమని కోర్టు చెప్పదు, అది ఆర్టీఏ పని. ‘ఈ దరఖాస్తును ఇన్ని వారాల్లో చట్టప్రకారం పరిష్కరించండి’ అని మాత్రమే చెబుతుంది. మీ లాయరు ప్రార్థనలో ఇంకో రెండు మాటలు కలపమనండి: దరఖాస్తుదారుడి వాదన విని, కారణాలు రాతపూర్వకంగా ఇచ్చి. ఇది కొత్తగా అడుక్కునేదేమీ కాదు. 80(2) ప్రకారం ఆర్టీఏ మామూలుగా దరఖాస్తును తిరస్కరించకూడదు. తిరస్కరిస్తే కారణాలు రాసివ్వాల, వినే అవకాశం ఇవ్వాల. ఆ రెండు మాటలు ఉత్తర్వులో లేకుంటే ఏమవుతుందంటే, గడువు చివరి రోజు ‘నోటిఫైడ్ రూట్, తిరస్కరించడమైనది’ అని ఒక్క లైను వస్తుంది (నోటిఫైడ్ రూటు అంటే ప్రభుత్వం గెజిట్‌లో స్కీమ్ ప్రకటించి ఆర్టీసీకి కేటాయించిన రూటు). అది కూడా ఆర్డరే, దానిమీద ట్రిబ్యునల్‌కు పోవచ్చు. కానీ మళ్లీ కొన్ని నెలలు పోతాయి.

రిట్ వేసే ముందు కాగితాలు పేర్చుకోవాల. ‘మేము అడిగాం, వాళ్లు చేయలేదు’ అని చూపించకుండా మాండమస్ రాదు. అందుకే సెక్రటరీ, ఆర్టీఏ పేర ఒక రెప్రజెంటేషన్ ఇవ్వండి. కాపీ కలెక్టర్‌గారికి, మన దగ్గర ఆర్టీఏ ఛైర్మన్ ఆయనే కాబట్టి. నాలుగు వాక్యాలు చాలు:

‘ఫలానా తేదీన, ఫలానా నంబర్‌తో, ఫలానా రూటుకు సెక్షన్ 70 కింద దరఖాస్తు ఇచ్చాను. ఫీజు చలానా నంబర్ ఇది. ఇప్పటిదాకా లోపాలున్నాయని గానీ, తిరస్కరించామని గానీ నాకు తెలియజేయలేదు. సెక్షన్ 80(2) ప్రకారం పరిష్కరించాలని, తిరస్కరించే ఆలోచన ఉంటే నా వాదన వినాలని కోరుతున్నాను.’

ఆఫీసులో ఇచ్చి మీ కాపీ మీద సీలు, ఇన్‌వర్డ్ నంబర్, తేదీ వేయించుకోండి. సీలు వేయకుండా సతాయిస్తే పోస్టులో పంపండి. రిజిస్టర్డ్ పోస్ట్ 2025 సెప్టెంబర్ 1 నుంచి స్పీడ్ పోస్ట్‌లో కలిసిపోయింది కాబట్టి కౌంటర్‌లో రిజిస్ట్రేషన్‌తో, డెలివరీ రుజువుతో కావాలని అడగండి. వాట్సాప్‌లో పంపిన మెసేజ్ స్క్రీన్‌షాట్లు మాత్రం నమ్ముకోవద్దు.

అదే రోజు సమాచార హక్కు దరఖాస్తు కూడా పెట్టండి. జిల్లా స్థాయి ఆఫీసుకు ఫీజు 10 రూపాయలు, జవాబుకు 30 రోజులు. ‘నా ఫైలు ఎందుకు ఆగింది’ అని అడగొద్దు, ఎందుకు అనేదానికి జవాబివ్వరు. కాగితాలు అడగండి: నోట్‌ఫైలు నకలు, ఎంవీఐ (మోటారు వాహనాల ఇన్‌స్పెక్టర్) రూటు రిపోర్ట్ నకలు, ఆర్టీసీకి రాసిన లేఖ, వచ్చిన జవాబు, ఆర్టీఏ సమావేశం అజెండాలో ఈ అంశం పెట్టారా లేదా. ఫైలు తనిఖీ కూడా కోరవచ్చు. ఏ టేబుల్ మీద, ఏ కొర్రీతో ఆగిందో నోట్‌ఫైలులోనే బయటపడుతుంది. సగం కేసుల్లో అసలు కారణం మనకు నోటితో చెప్పింది కాదు.

గెజిట్_పిచ్చి (అనంతపురం)

పైన రాసిందంతా సరే. అయితే మీ కేసు గెలిచేదీ ఓడేదీ ఆ 9 కిలోమీటర్ల దగ్గరే, స్వామీ. అది తేలకుండా రిట్ వేస్తే తిరస్కరణ ఆర్డర్‌ను మీరే తొందరపెట్టి తెచ్చుకున్నట్టు.

చట్టంలో 6వ అధ్యాయం, అంటే 97 నుంచి 108 దాకా, ఆర్టీసీ లాంటి ప్రభుత్వ సంస్థలకు ప్రత్యేకం. 98వ సెక్షన్ దానికి 5వ అధ్యాయం మీద పైచేయి ఇచ్చింది. అంటే 80(2) ఉదారత అంతా నోటిఫైడ్ రూటు అంచు దాకానే. 1985లో ఆదర్శ్ ట్రావెల్స్ కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది కూడా ఇదే: స్కీమ్‌లో అనుమతి రాసి ఉంటే తప్ప నోటిఫైడ్ రూటులో గానీ, అందులో కొంత భాగంలో గానీ ప్రైవేటు స్టేజ్ క్యారేజ్ తిరగడానికి లేదు. ‘ఆ తొమ్మిది కిలోమీటర్లలో ఎవర్నీ ఎక్కించుకోను, దింపను’ అని హామీ రాసిచ్చినా కుదరదు. చాలామంది ఈ హామీనే బ్రహ్మాస్త్రం అనుకుని అఫిడవిట్ పట్టుకొని పోతారు.

అయితే ‘ఆర్టీసీ బస్సులు తిరిగే రోడ్డు’ వేరు, ‘నోటిఫైడ్ రూటు’ వేరు. ఇక్కడే ఆఫీసుల్లో కూడా తికమక పడతారు. ఆర్టీసీ మామూలు పర్మిట్‌తో తిప్పుకుంటున్న రోడ్డయితే అది మీకు అడ్డం కాదు. ఆమోదం పొందిన స్కీమ్ గెజిట్‌లో ఉంటేనే అడ్డం. కాబట్టి గెజిట్ చూడకుండా ఎవరేం చెప్పినా నమ్మవద్దు. చూడాల్సినవి ఇవి.

ఆ కాగితం ముసాయిదానా, ఆమోదించిన స్కీమా? ఇప్పటి చట్టంలో 99 కింద వచ్చేది ప్రతిపాదన. 100వ సెక్షన్ కింద అభ్యంతరాలు విని ఆమోదించి ప్రచురిస్తేనే స్కీమ్. ప్రతిపాదన అచ్చయిన ఏడాదిలోపల ఆమోదం అచ్చు కాకుంటే అది మురిగిపోతుంది, కోర్టు స్టే ఉన్న కాలం మాత్రం లెక్కలోంచి తీసేస్తారు. 1989 జూలై 1 కంటే ముందరివైతే పాత 1939 చట్టం కింద 68-సి ముసాయిదా, 68-డి ఆమోదం అని ఉంటాయి. మన సీమలో చేతికొచ్చేవి ఎక్కువ ఈ పాతవే. ఆమోదమైన పాత స్కీములు ఇప్పటికీ చెల్లుతాయి, ‘1939 చట్టం రద్దయింది కదా’ అనే వాదన నిలవదు.

తర్వాత రూటు వర్ణన. స్కీమ్ అనుబంధంలో మొదటి ఊరు, చివరి ఊరు, మధ్యలో ‘వయా’ ఊళ్లు రాసి ఉంటాయి. మీ 9 కిలోమీటర్లు నిజంగా ఆ వయాలో ఉందా? అప్పటి రోడ్డు ఊరి మధ్యలోంచి పోయేది, ఇప్పుడు బైపాస్ వచ్చింది. మీ రూటు ఏ రోడ్డు మీద పోతుందో, స్కీమ్ ఏ రోడ్డు గురించి చెబుతుందో గ్రామాల పేర్లతో సహా రూటు స్కెచ్ మీద గుర్తు పెట్టించండి. ఎంవీఐ రిపోర్ట్‌లో ‘ఓవర్‌ల్యాప్ 9 కి.మీ.’ అని ఒక అంకె వేసి వదిలేస్తే చాలదు, ఎక్కడ నుంచి ఎక్కడికి అన్నది ఉండాల. అంకె మీద అనుమానం ఉంటే ఉమ్మడి తనిఖీ కోరండి, మీరూ ఆర్టీసీ డిపో వాళ్లూ ఎంవీఐ కలిసి దారి కొలిచేట్టు. నోటిఫైడ్ రూటును ఒకచోట అడ్డంగా దాటిపోవడం ఓవర్‌ల్యాప్ కాదు, దాని వెంట పోవడమే ఓవర్‌ల్యాప్. ఈ తేడా రిపోర్ట్ రాసేవాళ్లు పట్టించుకోరు.

చివరగా మినహాయింపులు. కొన్ని స్కీముల్లో ఫలానా ఆపరేటర్లకో, ఫలానా మేర ఓవర్‌ల్యాప్‌కో వెసులుబాటు రాసి ఉంటుంది. తర్వాత వచ్చిన సవరణ గెజిట్లు కూడా వెతకాల. అసలు గెజిట్ ఒక్కటే చూసి ఊరుకుంటే సగం చూసినట్టే.

అన్నీ చూశాక కూడా 9 కిలోమీటర్లు నోటిఫైడే అని తేలితే నా సలహా ఒకటే: రూటు కుదించండి. మెయిన్ రోడ్డు ఎక్కే జంక్షన్‌నే చివరి స్టాపు చేసి 37 కిలోమీటర్లకు సవరించిన దరఖాస్తు ఇవ్వండి. టౌనులోకి పోని బస్సు ఎవరెక్కుతారు అంటారేమో. నిజమే, కలెక్షన్ తగ్గుతుంది. కానీ పర్మిట్ రాని 46 కంటే వచ్చే 37 నయం. 102 కింద స్కీమ్ సవరించమని ప్రభుత్వానికి అర్జీ పెట్టవచ్చు గానీ అది వాళ్ల ఇష్టం, గెజిట్‌లో, తెలుగు పత్రికలో ప్రకటించి 30 రోజులకు తగ్గకుండా గడువిచ్చి విచారణ జరపాల. దాని మీద ఆశ పెట్టుకొని బస్సు లోను తీసుకోవద్దు.

ఇంకొక సందు 104వ సెక్షన్ ప్రొవైజోలో (మినహాయింపు వాక్యంలో) ఉంది. నోటిఫైడ్ రూటే అయినా ఆర్టీసీ దానికి పర్మిట్ కోసం దరఖాస్తే పెట్టకుంటే, ఆర్టీఏ వేరేవాళ్లకు తాత్కాలిక పర్మిట్ ఇవ్వవచ్చు. ఆర్టీసీకి పర్మిట్ ఇచ్చిన రోజు మీది ఆగిపోతుంది. మీరు చెప్పిన మెయిన్ రోడ్డులో ఆర్టీసీ తిరుగుతోంది కాబట్టి మీకు పనికిరాదు. ఇది చదివే వేరేవాళ్లకు పనికొస్తుందని రాశా.

సీమ_రూటు

ఇద్దరికీ థాంక్స్ అన్నా. గెజిట్ కోసం సమాచార హక్కు కింద అడుగుతా. ఇంకో మూడు సందేహాలు. ఫైలు తేలేదాకా నాలుగు నెలల టీపీ (తాత్కాలిక పర్మిట్) తీసుకొని తిప్పవచ్చా? మా చిన్నాన్న పేర వేరే రూటులో ఉన్న పర్మిట్ రెన్యువల్ కూడా దగ్గర పడింది, అది కూడా ఇట్లే ఆగితే బండి నిలపాల్నా? టూరిస్ట్ పర్మిట్ తీసుకొని ఇదే రూటులో తిప్పమని కొందరంటున్నారు, అదెట్లా?

ఫైల్_నోట్ (కర్నూలు)

టీపీ 87వ సెక్షన్ కింద. ఎట్టి పరిస్థితుల్లో నాలుగు నెలలు మించదు. జాతరలు, తిరునాళ్లు, సీజన్ వ్యాపారం, ప్రత్యేకమైన తాత్కాలిక అవసరం, రెన్యువల్ పెండింగ్‌లో ఉండటం, వీటికి ఇస్తారు. ‘నా కొత్త పర్మిట్ తేలలేదు’ అనేది ఆ జాబితాలో లేదు. కోర్టు స్టే వల్లనో మరే అధికార సంస్థ ఉత్తర్వు వల్లనో రెగ్యులర్ పర్మిట్ ఇవ్వలేకపోతే వేరే క్లాజు ఉంది, మీకు స్టే లేదు. పైగా ఏడాది పొడుగునా ఉండే అవసరానికి టీపీ మీద టీపీ తెచ్చుకుంటే ఎవరైనా రిట్ వేస్తే నిలవదు.

మీ చిన్నాన్నగారిది వేరే లెక్క, అది తేలిక. గడువు తీరడానికి 15 రోజులకు తగ్గకుండా ముందే రెన్యువల్ దరఖాస్తు పెట్టాల. ఆలస్యమైతే సరైన కారణం చూపించి ఒప్పించుకోవాల. ఫైలు తేలకముందే గడువు తీరితే 87(1)(డి) కింద టీపీ అడగండి. రెన్యువల్ ఎప్పుడు మంజూరైనా గడువు తీరిన రోజు నుంచే లెక్క. మధ్యలో తీసుకున్న టీపీకి కట్టిన ఫీజు వాపసు ఇవ్వాలని 81(5)లో ఉంది. చాలామంది అడగరు, ఎవరూ పిలిచి ఇవ్వరు. దరఖాస్తుకు ముందే పన్ను బకాయిలు, చలానాలు సరిచూసుకోమనండి. పన్ను కట్టకుండా తిప్పినందుకో, అనుమతి లేని ట్రిప్పు వేసినందుకో ఏడాదిలోపల రెండుసార్లు శిక్ష పడి ఉంటే రెన్యువల్ తిరస్కరించడానికి 81(4) చాలు. తీరని కోర్టు డిక్రీ అప్పులు 30 రోజులు దాటి ఉన్నా అంతే.

డీజిల్_లెక్క (కర్నూలు)

టూరిస్ట్ పర్మిట్ మాట చెప్పినవాళ్ల ఫోన్ ఎత్తవద్దు. 88(9) కింద వచ్చేది కాంట్రాక్ట్ మీద పోయే బండికి. దారిలో చేయెత్తినవాళ్లను ఎక్కించుకొని, స్టాపు స్టాపుకు టికెట్ కొట్టే పని స్టేజ్ క్యారేజ్‌ది. పట్టుబడితే 10,000 రూపాయల జరిమానా చూసి ‘అంతే కదా’ అనుకుంటారు. జైలు కూడా ఆ 192-ఎ సెక్షన్‌లోనే ఉంది. అంతకంటే పెద్ద గుండం ఇన్సూరెన్స్‌లో ఉంది. పర్మిట్ లేకుండా తిరగడం చట్టానికే మూల ఉల్లంఘన అని 2018లో అమృత్‌పాల్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ప్రమాదం జరిగితే కంపెనీ బాధితులకు పరిహారం కట్టి, ఆ మొత్తం బండి ఓనరు దగ్గర వసూలు చేసుకుంటుంది. పర్మిట్ ఉన్నా దానిలో లేని పనికి బండిని వాడితే కంపెనీకి అదే సాకు. ఒక్క ప్రమాదంతో పొలం అమ్ముకోవాల్సి వస్తుంది.

బస్సు ఇంకా కొనలేదన్నారు, అట్లే ఉండండి. మంజూరు ప్రొసీడింగ్స్ చేతికొచ్చాక బండి ఆర్సీ చూపించడానికి గడువిస్తారు. ఆ గడువెంతో ప్రొసీడింగ్స్‌లోనే చదువుకొని, బాడీ కట్టేవాళ్లు ఎన్ని వారాలు అడుగుతారో దానితో సరిపోల్చుకోండి. చాలకుంటే గడువు తీరకముందే పొడిగింపు అడగాల. తీరాక అడిగితే మంజూరే పోతుంది. ముందే కొనేసిన వాళ్లకు ఈఎంఐ ఒకవైపు, క్వార్టర్ ట్యాక్స్ ఇంకోవైపు. బండి షెడ్డులో ఉందని పన్ను ఆగదు. వాడటం లేదని క్వార్టర్ మొదలవ్వక ముందే రాతపూర్వకంగా స్టాపేజ్ ఇవ్వాల. ఆలస్యానికి నష్టపరిహారం రిట్‌లో వస్తుందని ఈఎంఐ లెక్కలు జత చేస్తుంటారు. అది రాదు. ఆ కాగితాలు తొందర ఎంత ఉందో చూపించడానికి మాత్రమే పనికొస్తాయి.

ఒక్క విషయంలో పైన రాసినాయనతో నాకు పేచీ. రిట్‌లో ఆర్టీసీని పార్టీ చేయాలా వద్దా అన్నది ఆయన చెప్పలేదు. చేయకుంటే తొందరగా తేలుతుంది కదా అని వదిలేసేవాళ్లు ఉన్నారు.

ఫైల్_నోట్ (కర్నూలు)

‘పరిష్కరించండి’ అని మాత్రం అడిగే రిట్‌లో రవాణా శాఖ ప్రిన్సిపల్ సెక్రటరీ, ట్రాన్స్‌పోర్ట్ కమిషనర్, సెక్రటరీ ఆర్టీఏ సరిపోతారు. కానీ ఇక్కడ ఓవర్‌ల్యాప్ ఉంది, ఆర్టీసీ రిపోర్ట్ పెండింగ్ అంటున్నారు. చేర్చండి. చేర్చకుంటే వాళ్లే ఇంప్లీడ్ పిటిషన్ (మమ్మల్నీ పార్టీగా చేర్చండి అని) వేస్తారు, అక్కడ పోయే వాయిదాలు ఎక్కువ. పోటీ ప్రైవేటు ఆపరేటర్లను మాత్రం లాగొద్దు. కొత్త పర్మిట్ ఇవ్వవద్దని అభ్యంతరం చెప్పే హక్కు పాత ఆపరేటర్లకు లేదని మిథిలేష్ గార్గ్ కేసులో సుప్రీంకోర్టు 1991లోనే చెప్పింది. టైమింగ్స్ ఖరారు దగ్గర వాళ్లు వస్తారు, అప్పుడు చూసుకోవచ్చు.

తెలుగులో ఉన్న కాగితాలన్నిటికీ ఇంగ్లీషు అనువాదం జత చేయించండి, లేకుంటే రిజిస్ట్రీ కొర్రీ వేస్తుంది. ఉత్తర్వు వచ్చాక సర్టిఫైడ్ కాపీ మీరే ఆఫీసులో ఇచ్చి సీలు వేయించుకోవాల, గడువు సాధారణంగా కాపీ అందిన రోజు నుంచి మొదలయ్యేట్టు రాస్తారు. ఆ గడువు దాటితే కోర్టు ధిక్కరణ పిటిషన్. దానికి ఏడాదే కాలపరిమితి, ‘ఈ మీటింగ్‌లో, వచ్చే మీటింగ్‌లో’ అనే మాటలు వింటూ అది దాటిపోనివ్వద్దు.

గెజిట్_పిచ్చి (అనంతపురం)

ఒకటి మరిచాం. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు విడిపోయాయి. కర్నూలు నుంచి నంద్యాల పోయింది, అనంతపురం నుంచి శ్రీసత్యసాయి పోయింది. మీ రూటు రెండు ఆర్టీఏల పరిధిలో పడితే 69వ సెక్షన్ ప్రకారం ఎక్కువ దూరం ఎవరి పరిధిలో ఉందో అక్కడే దరఖాస్తు. సమానమైతే బండి ఉంచే ఊరు ఎవరిదైతే వాళ్లకు. రెండో పరిధిలో కౌంటర్ సిగ్నేచర్ (అక్కడి ఆర్టీఏ ఆమోద సంతకం) కావాలేమో కూడా ఇప్పుడే అడిగి తెలుసుకోండి. తప్పు ఆఫీసులో ఇచ్చిన దరఖాస్తుకు మాండమస్ వస్తే ‘మా పరిధి కాదు’ అని ఒక్క ముక్కలో తేల్చేస్తారు.

టైం టేబుల్ కూడా ఒకసారి తీసి చూడండి. 46 కిలోమీటర్లలో ఎన్ని స్టాపులు, ఎన్ని నిమిషాలు రాశారు? వేగ పరిమితి దాటితేగానీ అందుకోలేని టైమింగ్స్ ఉంటే 71(2) కింద తిరస్కరించాల్సిందే. అయితే సవరించుకునే అవకాశం ముందు ఇవ్వాలని కూడా అక్కడే ఉంది. పల్లె రోడ్డులో మలుపులు, లెవెల్ క్రాసింగ్ గేటు లెక్కలోకి తీసుకోకుండా గూగుల్ మ్యాప్ నిమిషాలు దించేసి ఉంటే రూటు కుదించినప్పుడే వాటిని కూడా సరిచేసి ఇవ్వండి. తర్వాత మార్చుకుందాం అంటే కష్టం. పర్మిట్ వచ్చాక కొత్త రూటు కలపడం, ట్రిప్పులు పెంచడం లాంటివి అడిగితే 80(3) ప్రకారం కొత్త పర్మిట్ దరఖాస్తు కిందే చూస్తారు. చివరి స్టాపు నుంచి 24 కిలోమీటర్లు దాటని పొడిగింపుకు వేరే వెసులుబాటు ఉంది, కానీ ఆ పొడిగింపు మళ్లీ ఆ 9 కిలోమీటర్ల మీదికే పోతుంది కాబట్టి దాన్ని ఇప్పుడు లెక్కలో పెట్టుకోవద్దు.